తెరను నమ్మని జేబెజ్

జేబెజ్ ఆలెరన్‌షాకి ఉన్నది ఒక్కటే జబ్బు: అనుమానం. పాలవాడు నవ్వితే పాలల్లో నీళ్ళు కలిపాడనేవాడు. నవ్వకపోతే ఇంకా ఎక్కువ కలిపాడనేవాడు. హాల్డెన్ అనే బట్టల మిల్లుల ఊళ్ళో చెక్క అడుగుల బూట్లు చేసే ఈ ముసలాయన అనుమానానికి, వార్తల రీళ్ళు ఆడించే హాలు వచ్చాక మంచి మేత దొరికింది. సోమవారం, గురువారం రీలు మారేది. రెండుసార్లూ మొదటి వరుసలో ఆయనే.

"రాజుగారి ఊరేగింపట! ఆ గుర్రం మన బొగ్గుబండిది. నేను గుర్తుపట్టనూ?" అని అరిచేవాడు. మాటల్లేని బొమ్మలు కనక హాలంతటికీ ఆయన మాటలే వినబడేవి. ఓసారి కొత్త ఓడ నీళ్ళలోకి దిగుతుంటే, తెర వెనక్కి వెళ్ళి తడిమి చూసొచ్చాడు.

"పొడిగా ఉంది!" అని ప్రకటించాడు. తెర పక్కన కూచుని బొమ్మలకి తగ్గట్టు పియానో వాయించే ఆవిడ నవ్వాపుకోలేక రెండు పాటలు కలిపేసింది.

పక్కింటి సెలీనాకి మాత్రం ఆయనంటే భయం. ఆమె మిల్లులో నాలుగు మగ్గాలు చూసే పిల్ల. కిందటి బుధవారం జ్వరమని మిల్లుకి కబురంపి, తల్లిని బ్లాక్‌పూల్ తీసుకెళ్ళింది. పత్తి దుమ్ముతో ఊపిరితిత్తులు పాడైన ఆ తల్లి, ఒక్కసారైనా సముద్రం చూడాలంది మరి. గుమ్మం దాటుతుంటేనే పక్కింటి కిటికీలోంచి జేబెజ్ గొంతు వినబడింది: "పనిరోజున పండగ టోపీలెందుకో?"

సోమవారం సాయంత్రం సెలీనా హాల్లో కూచుంది. సరిగ్గా వెనక వరుసలో మగ్గాల మేస్త్రీ ఆష్వర్త్. తెరమీద 'బ్లాక్‌పూల్‌లో ఎండ' అని అక్షరాలు పడ్డాయి. అలలు, గాడిదలు, ఆ తరవాత గౌను అంచు ఎత్తిపట్టి చిన్నపిల్లలా నీళ్ళు చిమ్ముతున్న అమ్మ. పక్కన తను, తెరంత నవ్వుతో.

సెలీనా టోపీ కళ్ళమీదకి లాక్కుంది.

"ఏమ్మా, జ్వరానికి సముద్రస్నానమా మందు?" మేస్త్రీ అందరికీ వినబడేలా అన్నాడు. "రేపట్నించి మిల్లుకి రానక్కర్లేదు."

మొదటి వరుసలో జేబెజ్ లేచాడు. "ఆగవయ్యా మేస్త్రీ! బొమ్మని నమ్ముతావా? అది మన సెలీనా ముక్కేనా? బుధవారమంతా ఈ పిల్ల మూలుగులకి గోడవతల నాకు పని సాగితే ఒట్టు!"

"కళ్ళారా కనబడుతుంటే..."

"పోయినవారం ఇదే తెరమీద నీలాంటివాడొకడు కనబడ్డాడు. సారాకొట్టు గుమ్మంలో, మిల్లు నడిచే వేళ. అదీ నిజమేనంటావా?"

హాలంతా మేస్త్రీ వైపు తిరిగింది. ఆయన కాలరు సవరించుకున్నాడు. "అంటే... ఈ బొమ్మల్లో మోసం ఉండొచ్చులే. రేపు పనికి రా పిల్లా."

బయటికొచ్చాక సెలీనా ముసలాయన చెయ్యి పట్టుకుంది. "తాతా, నువ్వే లేకపోతే..."

"చాల్లే. నీమీద నాకింకా అనుమానమే." అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "గురువారం ఈ రీలు తీసేస్తారు. రేపు సాయంత్రం మీ అమ్మని తోపుడుబండిలో కూచోబెట్టు, నేను తోసుకొస్తా. తనెంత బాగా నవ్విందో తను చూసుకోవద్దూ?"

"అది మేం కాదన్నావుగా!"

"నువ్వు కాదు," అన్నాడు జేబెజ్ కచ్చితంగా. "మీ అమ్మ మాత్రం మీ అమ్మే."