చెయ్యి చాచి చేసిన ప్రమాణం

మా ఉక్కు ఊరి అంచున, కోహ్కాలో రేకుల షెడ్డు కింద కూర్చునే ఆ నాటు వైద్యుడు పసరు నూరడం ఎక్కడ నేర్చాడో ఎవరికీ తెలియదు. తన మీదికి మాట రాకుండా చూసుకోవడం మాత్రం క్షుణ్ణంగా నేర్చాడు. మందు పుచ్చుకునే ముందు రోగి కుడిచెయ్యి చాచి, "నా ఇష్టంతో వాడుతున్నాను, ఏం జరిగినా భారం నాదే, వైద్యుడి మీద మాట అనను" అని గట్టిగా చెప్పాలి. వరసలో ఉన్నవాళ్ళంతా "మేం సాక్షి" అనాలి. అనేవాళ్ళు కూడా! తర్వాత తమ వంతు వస్తుందని తెలిసే అనేవాళ్ళు.

మా నాన్న అక్కడికి వెళ్ళింది కాలి పుండు కోసం. సుగరు మనిషి. ఖుర్సీపార్‌లో వలసొచ్చిన తెలుగువాళ్ళుండే మా పుట్టింటి వీధి వీధంతా ఆ వైద్యుణ్ణి నెత్తిన పెట్టుకుంది, మా శ్రీకాకుళం వైపు వాడని. మన వైపు వాడైతే మురికి చేతులు కూడా శుభ్రమైపోతాయి కాబోలు.

నేను కాపురముండే స్మృతి నగర్ నుంచి వెళ్ళి పోట్లాడితే నాన్న నవ్వాడు.

"దొంగోడైతే ఒట్టెందుకు పెట్టిస్తాడమ్మా? పూచీ ఉన్నోడే ప్రమాణం సేయిస్తాడు."

ఈ తర్కం ఆయనకు ఉక్కు ప్లాంటులో అబ్బింది. బొగ్గు కాల్చే కోక్ ఓవెన్లలో పనిచేసినన్నాళ్ళూ షిఫ్టుకి ముందు అందరితో కలిసి చెయ్యి చాచి సేఫ్టీ ప్రమాణం చేశాడు. అక్కడ ప్రమాణంతో పాటు హెల్మెట్టు, బూట్లు ఉండేవి, గ్యాసు లీకవుతోందేమో చూసే మనిషి ఉండేవాడు. ఇక్కడ ఉన్నది ఆకుముద్ద. చెయ్యి చాచడం ఒకలాగే ఉంది కదా అని రెండూ ఒకటేనని నమ్మేశాడు. ఇంత పెద్ద ఉక్కు ఊళ్ళో మూఢనమ్మకం కూడా యూనిఫాం వేసుకునే వస్తుంది.

వైద్యుడు సుగరు మాత్రలు ఆపమన్నాడు. ఆకుముద్ద పెట్టి కట్టిన కట్టు విప్పొద్దన్నాడు. వాసన వస్తోందంటే, విషం బయటికి పోతోందన్నాడు. ఆ వాసన వీధి గుమ్మం దాకా వచ్చి, జ్వరంతో నాన్న మాట తడబడ్డాక, నేనే ఆటోలో ఎక్కించి ఆసుపత్రికి తీసుకెళ్ళాను.

సర్జన్ మంచం పక్కన కూర్చుని హిందీలో ఓపిగ్గా చెప్పాడు. పాదం తీసేయాలి. తీసినా గాయం మానకపోవచ్చు, ఇంకా పైకి కోయాల్సి రావచ్చు, మత్తులో గుండె ఆగినా ఆగొచ్చు. తీయకపోతే ప్రాణానికే ముప్పు. నాన్న వింటూ వింటూ నా వైపు తిరిగాడు.

"ఈయన ఇన్ని సెప్తన్నాడు. ఆడు ఒక్కటీ సెప్పలేదేటమ్మా?"

నాకు ఏడుపూ కోపమూ ఒకేసారి వచ్చాయి. పాదం పోయింది, మనిషి దక్కాడు.

నేను షెడ్డుకి వెళ్ళి అరిచాను. వైద్యుడు నూరడం ఆపకుండానే వరస వైపు గడ్డం ఎత్తాడు.

"మీ నాన్న సెయ్యి సాపి ఒప్పుకున్నాడమ్మా. ఈల్లంతా సాక్షి."

అందరూ తలలాడించారు. నాన్న పక్కింటావిడ అందరికంటే గట్టిగా ఆడించింది.

ఏం జరగొచ్చో చెప్పకుండా ఒప్పించింది ఒప్పుకోలే కాదని నేను కలిసిన లాయరమ్మ చెప్పింది. కేసు వేద్దామంటే నాన్న ససేమిరా అన్నాడు.

"ఆడి మీద మాట అననని ఒట్టేసినాను. తప్పను."

నాకు ఒళ్ళు మండింది. పాదం పోగొట్టినవాడికి ఇచ్చిన మాట పరువుగా నిలబెట్టుకుంటాడట!

గాయం మానాక ఒకరోజు, కోహ్కా తీసుకెళ్ళమన్నాడు. షెడ్డులో వరస మొదట్లో కుర్చీ వేయించుకుని, లుంగీ పైకి మడిచి, పాదం లేని కాలు అందరికీ కనబడేలా చాపాడు. అప్పుడే ఒకామె మందు కోసం చెయ్యి చాచింది.

"ఆగమ్మా," అన్నాడు నాన్న. "వాడితే ఏటవుతాదో అడిగినావా?"

వైద్యుడు ఉరిమి చూశాడు. "బాబాయ్, నువ్వు ఒట్టేసినావు!"

"నిన్నేటన్నాన్రా? ఆయమ్మనడిగినాను."

ఆమె నాన్న కాలు చూసింది. చాచిన చెయ్యి కొంగులోకి లాక్కుని, వైద్యుణ్ణి అడిగింది.

"ఏటవుతాది?"

వరసలో ఒక్కరూ సాక్షి అనలేదు. అందరూ వైద్యుడి నోటి వైపే చూస్తున్నారు.