ఉమ్ హసన్ దుప్పటి

మే నెలలో, తెల్లవారుతుండగా బేరూతులో దిగాం. అక్కడి నుంచి తెల్లరంగు లారీల్లో దక్షిణానికి. నెత్తిన ఐక్యరాజ్యసమితి శాంతిసేన నీలి హెల్మెట్, ఒంటిమీద బరువైన కవచం, చేతిలో రైఫిల్. సున్నపురాళ్ల కొండలు, మెట్లు మెట్లుగా ఒలీవ తోటలు. మా పోస్టు ఒక గుట్ట మీద ఉంది. కింద చిన్న ఊరు. ఊరు దాటితే నీలి పీపాలు వరసగా పెట్టిన గీత. అవతల పక్క దేశం. ఆ గీత దాటకూడదు. చూడాలి, రాయాలి, రేడియోలో చెప్పాలి. ఆజ్ఞ అంతే.

నేను ఐరిష్ సైన్యంలో చేరతానంటే అమ్మ నెల్లాళ్లు మాట్లాడలేదు. అమ్మ కార్క్‌లో నర్సు, మా ఇల్లు ఆ పక్కనే బాలింకాలిగ్‌లో. నన్ను తొమ్మిదేళ్లప్పుడు గుంటూరు నుంచి తెచ్చి, బైబిలు చదివించి నా తెలుగును కాపాడింది. బైబిల్లో ఉన్న లెబానోను అనగానే కాస్త మెత్తబడింది. "దేవదారు చెట్లుంటయ్యిరా అక్కడ. ఒక్క ఫొటో పంపు" అంది. దేవదారులు ఎక్కడో ఉత్తరాన మంచుకొండల్లో ఉన్నాయి. నాకు దక్కినవి ఒలీవలు.

మొన్న డబ్లిన్ దగ్గరి ఆడమ్స్‌టౌన్‌లో ఒక పుట్టినరోజు పార్టీలో ఓ అంకుల్ "అక్కడి యుద్ధంలో తప్పెవరిది బాబూ, రెండు ముక్కల్లో చెప్పు" అన్నారు, బిర్యానీ ప్లేటు పట్టుకుని. రెండు ముక్కల్లో తేలేదైతే ఆ దేశం ఎప్పుడో బాగుపడేది. కార్క్, కెర్రీ కౌంటీలు కలిపితే దానికంటే పెద్దవే. అక్కడ ఏ పదవి ఏ మతానికో ముందే పంచేసుకున్నారు. మేమున్నన్నాళ్లూ అధ్యక్షుడి కుర్చీ ఖాళీ. సైనికులకు జీతాలు చాలవు, సైన్యం కానివాళ్ల దగ్గర క్షిపణులు. పక్క దేశంతో సంధి లేదు. దూరాన పెద్ద దేశాలు ఎవరి లెక్కలు వాళ్లు వేసుకుంటాయి. ఆంబోతులు పోట్లాడుకుంటే లేగల కాళ్లు విరిగాయని మనవాళ్లు ఊరికే అనలేదు.

నాకు తెలిసిన లేగ ఒక ముసలామె. ఉమ్ హసన్. అంటే హసన్ తల్లి. అక్కడ తల్లిని పెద్దకొడుకు పేరుతోనే పిలుస్తారు, మన ఊళ్లలో ఫలానా వాళ్లమ్మ అన్నట్టు. హసన్ పాత యుద్ధంలో పోయాడు. అయినా ఆమె పేరు అదే.

మా అమ్మ పేరేమిటని అడిగింది ఒకరోజు. మార్తమ్మ అన్నాను. తల అడ్డంగా ఊపి, నా పేరు అడిగింది. దానియేలు అని చెప్పాను.

"అయితే మీ అమ్మ ఉమ్ దానియేల్" అని తేల్చేసింది. ఆ ఊరివాడే అయిన మా ఇంటర్‌ప్రెటర్ నవ్వుతూ ఆ మాట నాకు చెప్పాడు.

ఆమె చెట్లు సరిగ్గా పీపాల పక్కన. అక్కడ కాయ కోయాలంటే మా హెడ్‌క్వార్టర్స్ ద్వారా రెండు దేశాల సైన్యాలకూ చెప్పి, ఇద్దరూ సరే అనాలి. ఏడాదికి సరిపడా నూనె, అమ్ముకునేది, తినేది, అంతా ఆ చెట్లదే. సెప్టెంబరంతా రోజూ పొద్దున్నే గేటు దగ్గరికి వచ్చేది. లెటర్‌కెన్నీ నుంచి వచ్చిన మా సార్జెంట్ రేడియోలో అడిగేవాడు.

"పీపా దగ్గర ఒలీవ పని. ఒక స్త్రీ. అనుమతి?"

"వేచి ఉండండి."

"ఎదురుచూపులకి మెడల్ ఇస్తే ఈమెకే ఇవ్వాలి డ్యాన్" అని నాతో అనేవాడు సార్జెంట్.

నెలాఖరులో అనుమతి వచ్చింది, ఒక్క పూటకి. సార్జెంట్, ఇంటర్‌ప్రెటర్, నేను కాపలా నిలబడ్డాం. ఆమె ఎర్రచారల పాత దుప్పటి చెట్టు కింద పరిచి మూడు మూలల మీద రాళ్లు పెట్టింది. నాలుగో మూల గాలికి లేస్తోంది. నా వైపు చూసింది. నేనొక రాయి తెచ్చి పెట్టాను. ఆమె ఏదో గొణిగింది.

"ఆ మూల ఎప్పుడూ హసన్ చూసుకునేవాడట" అన్నాడు ఇంటర్‌ప్రెటర్.

పచ్చటి కాయలు దుప్పటి మీద టపటపా రాలుతున్నాయి. అర్ధగంట కూడా కాలేదు, రేడియో అరిచింది. "పని ఆపండి. గ్రౌండ్‌హాగ్, గ్రౌండ్‌హాగ్." ఆ మాట వింటే బంకర్లో దూరాలి. ఆమె దుప్పటి మూట కట్టబోయింది.

"వదిలెయ్ డ్యాన్! ఆమెను తీసుకురా!"

చెయ్యి పట్టుకుని లాక్కొచ్చాను. బంకర్లో ఆమె ఏడవలేదు. అరచేతిలో మిగిలిన కాయల్ని చూస్తూ కూర్చుంది. బాంబులకు కొండలు అదురుతున్నాయి. సాయంత్రం కాస్త తెరిపి ఇవ్వగానే, కార్ల మీద పరుపులు కట్టుకుని ఊరంతా ఉత్తరానికి బయలుదేరింది. ఇంటర్‌ప్రెటర్ కారు కిటికీలోంచి ఆమె నాతో చెప్పిన మాట ఒకటే. "ఆ రాయి తియ్యకు. వస్తాను."

మేం అక్కడే ఉన్నాం. బంకరు, టవరు, మళ్లీ బంకరు. టవరెక్కగానే బైనాక్యులర్ మొదట ఆ చెట్టు కిందికే తిప్పేవాణ్ణి. ఊళ్లో ఇళ్లు ఒక్కొక్కటే కూలాయి. నేను చూశాను, రాశాను, రేడియోలో చెప్పాను. చేతిలో రైఫిల్ ఉండి కూడా అంత చేతకానివాణ్ణి నేనెప్పుడూ కాలేదు.

నవంబరులో తిరిగొచ్చాం. డబ్లిన్ ఎయిర్‌పోర్టులో అమ్మ నన్ను పట్టుకుని వదల్లేదు. నాకు సంతోషం రాలేదు. నన్ను పట్టుకోవడానికి అమ్మ ఉంది, అమ్మకు నేనున్నాను. ఉమ్ హసన్‌కు హసన్ లేడు.

తర్వాతి వసంతంలో ఇంటర్‌ప్రెటర్ ఫోన్ చేశాడు. ఉత్తరాన ఒక బడిలో తలదాచుకున్నారట. చలికాలంలో ఉమ్ హసన్ పోయింది. "ఉమ్ దానియేల్ కొడుకు ఇల్లు చేరాడా అని చివరిదాకా అడిగింది" అన్నాడు.

స్పీకర్లో అమ్మ కూడా విన్నది. ఫోన్ పెట్టేశాక నా వైపు తిరిగింది.

"ఆమె సొంత పేరేంట్రా? ప్రార్థనలో చెప్పాల."

"తెలీదమ్మా. అందరూ అలాగే పిలిచేవాళ్లు."

అమ్మ వంటగదిలోనే మోకరించింది. "ప్రభువా, హసన్ వాళ్లమ్మ..." అని మొదలుపెట్టింది.

నాకు మాత్రం వచ్చేసే రోజు లారీలోంచి చూసిందే కనిపిస్తోంది. వాన వెలిసింది. గాలి విసురుగా ఉంది. చెట్టు మీద మిగిలిన కాయలు నల్లగా పండి, వాటంతటవే దుప్పటి మీద రాలుతున్నాయి. మధ్యలో గాలికి దుప్పటి ఉబ్బుతోంది. నాలుగో మూల రాయి కదల్లేదు.