రోమా ఉత్తరంలో సుందరమ్మత్త

పంతొమ్మిది వందల నలభై అయిదు, జనవరి నెల, మూడో ఆదివారం, పొద్దున సరిగ్గా తొమ్మిదిన్నర. అంత కచ్చితంగా ఎట్లా చెబుతున్నానంటే, దేవదానం అయ్యగారు జేబులోంచి గడియారం తీసి, “తొమ్మిదిన్నర అయింది, మొదలుపెట్టు” అన్నారు. మొదలుపెట్టాను. పది కొట్టేసరికి పౌలు గారు ఎన్నడూ అనని మాటలు ఆయన చేత అనిపించి, రెండు వరసల ఇళ్ళ మధ్య తగాదా పెట్టి, ఒక ముసలమ్మ ముందు పట్టుబడ్డ దొంగలా నిలబడి ఉన్నాను. మీరు ఇప్పుడే నవ్వుకోవచ్చు. నాకు నవ్వు రావడానికి చాలా ఏళ్ళు పట్టింది.

మాది గురజాలకు మూడు మైళ్ళలో ఉన్న పల్లె. నాపరాళ్ళ గనిలో రాయి కొట్టేవాణ్ణి. ఇరవై ఎనిమిదేళ్ళు వచ్చేదాకా అచ్చు కాగితం నాకు చీమల బారులాగే కనపడేది. అప్పుడు మా ఊరి బడికి కరుణమ్మ పంతులమ్మ వచ్చింది. పొద్దు వాలాక బడి వసారాలో పెద్దవాళ్ళకు పలకలు పంచి అక్షరాలు దిద్దించింది. అయిదుగురం చేరాం. సమ్మెట పట్టిన చేత్తో బలపం పడితే ముక్కలయ్యేది. నేను విరగ్గొట్టిన బలపాలతో చిన్న గోడ కట్టవచ్చు.

నెలకోసారి మా గుడికి వచ్చే పాదిరి దేవదానం అయ్యగారికి ఈ పెద్దల బడి నచ్చలేదు.

“ఈ వయసులో వీళ్ళకు చదువేందమ్మా? ఆ పలకలు ముప్పాళ్ళ బడి పిల్లలకు పంపిద్దాం” అన్నారు.

“ఒక్క ఆదివారం యాకోబు చేత వాక్యం చదివించి చూడండి అయ్యగారూ. సరిగా చదవకపోతే పలకలు నేనే మూటగట్టి ఇస్తాను” అంది పంతులమ్మ.

యాకోబు అంటే నేనే. మిగతా నలుగురి చదువూ తెచ్చి నా నెత్తిన పెట్టారు.

“కంఠతా పట్టి అప్పజెప్పేవాళ్ళను చానామందిని చూశాను” అని అయ్యగారు వెతికి వెతికి రోమా సంఘానికి పౌలు రాసిన ఉత్తరంలో చివరి అధ్యాయం ఇచ్చారు. అది చూసినవాళ్ళకు తెలుసు, నిండా పేర్లే. ఫలానా ఆయనకు వందనాలు, ఫలానా ఆమెకు వందనాలు. ఒక్క పేరూ మన నోట్లో తిరిగేది కాదు.

ఆరు వారాలు పంతులమ్మ ఆ పేర్ల మీదే నన్ను కూర్చోబెట్టింది. ఊరికే పలికించడం కాదు. “వీళ్ళు రాజులు కాదు యాకోబూ. వీళ్ళలో డేరాలు కుట్టుకు బతికినవాళ్ళున్నారు, ఇంకొకరి ఇళ్ళలో బానిసలుగా ఉన్నట్టు తోచేవాళ్ళున్నారు. ఈ ఉత్తరం మోసుకెళ్ళింది ఒక ఆడమనిషని చదివినవాళ్ళు అంటారు. అక్కడ ఒకరు నిలబడి చదివితే మిగతావాళ్ళు విన్నారు, నీలాగే” అని చెప్పేది. ఆ మాట విన్న దగ్గర్నుంచి నాకు అన్నం సహించలేదు. రోములో ఆ చదివినవాడు కూడా ఇట్లాగే భయపడ్డాడా అని అడగాలనిపించేది.

ఇక్కడ నా రోగం ఒకటి మీకు చెప్పాలి. సుందరమ్మత్త కొడుకు ఏసోబు అప్పుడు యుద్ధంలో బర్మా వైపు ఉన్నాడు. వాడి ఉత్తరాలు వస్తే నేనే చదివేవాణ్ణి. చుట్టూ పదిమంది చేరేవాళ్ళు. చదవడం అయిపోగానే ఒక్కొక్కరూ మొదలు: “నన్నడిగాడా?” “మమ్మల్నడగలా?” ఉత్తరంలో “అందరినీ అడిగానని చెప్పవలెను” అని ఒక్క ముక్క ఉండేది. ఒక్క ముక్కతో పదిమందికి ఎట్లా సరిపెట్టను? అందుకని అడిగినవాళ్ళ పేరల్లా కాగితం మీద చూస్తున్నట్టే చూస్తూ చదివేసేవాణ్ణి. అందరూ సంతోషంగా ఇళ్ళకు పోయేవాళ్ళు. పాపమని నాకు ఏనాడూ తోచలేదు.

ఇక ఆ ఆదివారం. గుడిలో పదిహేను మందికి మించి లేరు. నాకు మాత్రం కోటప్పకొండ తిరణాల జనం కనపడ్డారు. అయ్యగారు తన పుస్తకం తెరిచి, వరస కింద వేలు పెట్టుకుని కూర్చున్నారు. పంతులమ్మ నావైపు చూడకుండా నేలను చూస్తోంది.

మొదటి నాలుగు పేర్లు దాటాను. అయిదోది దాటాను. ఆరో పేరు దగ్గర నోరు ఎండిన జొన్నచొప్పలా అయిపోయింది. అక్షరాలు మళ్ళీ చీమలై పాకడం మొదలుపెట్టాయి. చెమట కారి కంట్లో పడింది. గుడంతా నిశ్శబ్దం.

ముందు వరసలో కూర్చున్న సుందరమ్మత్తకు ఆ నిశ్శబ్దం అలవాటైనదే. ఉత్తరం అయిపోయిందనుకుంది.

“నన్నడగలా?” అంది.

నా బుర్ర ఆగిపోయింది గాని నోరు ఆగలేదు. “సుందరమ్మకు వందనాలు” అనేశాను, పుస్తకంలోంచి తల ఎత్తకుండా.

అయ్యగారి వేలు ఆగింది. వెనక్కి ఒక వరస పోయింది. మళ్ళీ ముందుకు వచ్చింది.

“మరి మమ్మల్నో?” అన్నాడు తూర్పు వరస మోషే.

“మోషేకును అతని ఇంటివారికిని వందనాలు.”

అయ్యగారు పేజీ తిప్పారు. కళ్ళజోడు తీసి పంచె అంచుతో తుడిచి మళ్ళీ పెట్టుకున్నారు. పంతులమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నేను ఆగాలనుకున్నాను. పల్లంలో దిగిన బండి ఎట్లా ఆగుతుంది? పౌలు చేత దానియేలును అడిగించాను, కాంతమ్మను అడిగించాను. అప్పుడు పడమటి వరస సామ్యేలు లేచాడు.

“తూర్పు వరసోళ్ళనే అడుగుతున్నాడేంది? మేం మనుషులం కాదా?”

“పౌలుకు వాళ్ళల్లో చుట్టాలుండారేమోలే” అంది చిట్టెమ్మ.

సంఘపెద్ద అబ్రహాం మావ కర్ర నేలకు తాటించాడు. ముందురోజే బావి చేద దగ్గర ఆయనకూ నాకూ మాటా మాటా పెరిగింది. అందుకేనేమో ఆయన పేరు నా నాలుక మీదికి రాలేదు.

“పదేళ్ళ నుంచి ఈ గుడి ఊడ్చేది నేను. మోషేనడిగి నన్నడగడా ఆయన? మళ్ళీ చూడరా.”

“అయిపోయింది మావా.”

“ఆ పక్క పేజీ చూడు.”

“యాకోబూ” అన్నారు అయ్యగారు నెమ్మదిగా. “సుందరమ్మ ఏ వచనంలో ఉంది?”

“అడుగున అయ్యగారూ.”

“ఎంత అడుగున?”

నేను నోరు తెరిచే లోపల సుందరమ్మత్త లేచి, గోడకు చెయ్యి ఆనించుకుంటూ నా దగ్గరికి వచ్చింది.

“యాడుందో చూపించరా అబ్బాయ్. నా పేరు ఎట్టుంటదో నేనెప్పుడూ చూళ్ళా.”

ఆమె వేలు పుస్తకం మీద పెట్టింది. పెట్టిన చోట ఎవరో రోమా పట్నం మనిషి పేరుంది. ఆమె మొహంలోకి చూసి అబద్ధం చెప్పడం నావల్ల కాలేదు.

“లేదత్తా. నేనే కలిపాను.”

ఆమె వేలు తియ్యలేదు.

“మరి మా ఏసోబు ఉత్తరాల్లోనో?”

అయ్యా, ఆ ఒక్క ప్రశ్న నేను ఊహించలేదు. ఏసోబు అయిదు ఉత్తరాలు రాశాడు. అయిదింటిలోనూ గేదెను అడిగాడు, కోళ్ళను అడిగాడు, పైకప్పు ఎట్లా ఉందని అడిగాడు. అమ్మను అడిగినట్టు నాకు ఎక్కడా కనపడలేదు. అందుకే ప్రతిసారీ చివర ఆమెను నేనే చేర్చాను. ఇప్పుడు నిజం చెబితే తల్లి గుండె పగులుతుంది, అబద్ధం చెబుదామంటే చేతిలో ఉన్నది వాక్యం. గనిలో బండరాయి జారి మీదికి వస్తున్నప్పుడు కూడా నాకు అంత భయం వెయ్యలేదు.

“అవీ నేనే కలిపానత్తా” అన్నాను.

“అయిదింటిలోనూ?”

“అయిదింటిలోనూ.”

సుందరమ్మత్త ఏడవలేదు. నన్ను తిట్టలేదు. పంతులమ్మ వైపు తిరిగింది.

“నాకొక పలక ఇయ్యి పంతులమ్మా. ఇంక వీడి నోటితో నాకు పన్లేదు.”

“నాకూ ఒకటి” అన్నాడు అబ్రహాం మావ. ఆయన మొహం పాలిపోయింది. “గురజాల కోర్టు కాగితం వీడి చేతే చదివించా. దాంట్లో ఏం కలిపాడో.”

అంతే, గుడంతా లేచింది. అల్లుడి ఉత్తరం నా చేత చదివించుకున్న ఎస్తేరమ్మ, కరణం ఇచ్చిన చీటీ చదివించుకున్న ప్రకాశం, ఒక్కొక్కరూ గుర్తు చేసుకుని ఒక్కొక్కరూ హడలిపోయి పలక అడిగారు. కోర్టు కాగితంలో నేను ఒక్క అక్షరం కలపలేదని ఎంత మొత్తుకున్నా విన్నవాడు లేడు.

అయ్యగారు పుస్తకం మూశారు. ఆ తర్వాత, “పలకలు ముప్పాళ్ళ పంపడం కాదమ్మా, ముప్పాళ్ళ నుంచే ఇక్కడికి తెప్పించాలి” అన్నారు. పంతులమ్మ అప్పుడు మొదటిసారి నావైపు చూసింది. మెచ్చుకోవాలనా, కొట్టాలనా, నాకు ఇప్పటికీ తెలియదు. గుడిలో వాక్యం చదివే పని మాత్రం నాకు మళ్ళీ ఇవ్వలేదు.

నెల తిరగకుండా ఒక మధ్యాహ్నం సుందరమ్మత్త గనికి వచ్చింది. చంకలో పలక, చేతిలో అయిదు ఉత్తరాలు. అప్పటికి ఆమెకు వచ్చింది తన పేరు రాయడం ఒక్కటే.

“మిగతాది నాకు రాదు గాని, ఇది నా పేరే గదా?” అని మొదటి ఉత్తరంలో మొదటి గీత మీద వేలు పెట్టింది.

వంగి చూశాను. ‘తల్లి సుందరమ్మ గారికి’ అని గొలుసుకట్టు రాతలో నిక్షేపంగా ఉంది. మిగతా నాలుగింటిలోనూ ఉంది. నాకు వచ్చింది అచ్చక్షరం. గొలుసుకట్టు రాత వస్తే సగం చదివి సగం ఊహించేవాణ్ణి. పైన రెండు గీతలు ఊహకు కూడా అందక, మర్యాదలేలే అని ఎగ్గొట్టేవాణ్ణి.

“వాడు అందరికన్నా ముందు నన్నే పిలిచాడు” అంది అత్త. “పైనున్నదాన్ని తీసుకుపోయి, గేదె తర్వాత, కోళ్ళ తర్వాత పెట్టావు గదరా నువ్వు.”

పలకతో నా నెత్తిన ఒకటి వేసింది. పలక పగల్లేదు. మా గని రాయే అది.

కాబట్టి, ఆ బొప్పి సాక్షిగా, గురజాల తాలూకాలోని సకల పలకల సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. కాగితం మీద ఉన్న పేరు వదలను, లేని పేరు కలపను. అది పౌలు రాసినా సరే, పోస్టు బంట్రోతు తెచ్చినా సరే.

ఆ రోజు గుడిలో ఉన్నవాళ్ళు: దేవదానం అయ్యగారు, కరుణమ్మ పంతులమ్మ, సుందరమ్మత్త, అబ్రహాం మావ, ఆయన భార్య రత్తమ్మ, తూర్పు వరస నుంచి మోషే, రాహేలు, దానియేలు, కాంతమ్మ, పడమటి వరస నుంచి సామ్యేలు, చిట్టెమ్మ, ఎస్తేరమ్మ, ప్రకాశం, వీళ్ళందరి ముందు నేను. మా ఆవిడ ఆ ఆదివారం బెల్లంకొండలో వాళ్ళ అమ్మగారింట్లో ఉంది. ఇది రాస్తుంటే వెనక నిలబడి, తన పేరు కూడా పెట్టమని పోరుతోంది. పెట్టను.