అంజమ్మ ఊపిరి తీసుకున్న చోట

మధుకర్ మన్సూరాబాద్‌లో మా పై వాటాలో కిరాయికి ఉండేవాడు. పగలు దిల్‌సుఖ్‌నగర్‌లో చీరల కొట్టులో పని, సాయంత్రం గిటార్. ముగ్గురు స్నేహితులతో రాక్ బ్యాండ్ పెట్టి సొంత పాటలే పాడేవాడు. రెండు చిన్న సినిమాలకు సంగీతం ఇచ్చాడు, ఒకదాంట్లో వేషం కూడా వేశాడు. వాటిని పెద్దగా ఎవరూ చూడలేదు.

అతని పాటల్లో ఒకటి వాళ్లమ్మ అంజమ్మది. పోచంపల్లి పక్క పల్లెలో ఆమె ముప్పై ఏళ్లు ఆసు పోసింది. అర్ధచంద్రంలా నాటిన మేకుల మీదుగా చీర దారాన్ని చేత్తో తిప్పడమే ఆసు. ఒక్కో చీరకు చెయ్యి వేలసార్లు పోయి రావాలి. వరస చివర, చెయ్యి వెనక్కి మళ్లేచోట, ఆమె ఊపిరి తీసుకునేది. మధుకర్ ఆ చేతి లయకే పాట కట్టాడు, ఆమె ఊపిరి తీసుకునేచోట ఒక దెబ్బ ఖాళీ. ఆమె కుడి భుజం ఇప్పుడు పైకి లేవదు.

శ్రీరామమూర్తి అనే సంగీత దర్శకుడు ఆ పాట విని, "బాగుందయ్యా, చూద్దాం" అని రికార్డింగు ఉంచుకున్నాడు. మరుసటి ఏడు ఆ బాణీ ఆయన పేరుతో సినిమాలో వచ్చింది. తాగి బురదలో పడే హాస్యగాడు, మన తెలంగాణ యాసలో, కల్లు మీద రాసిన వేరే మాటలతో దాన్ని పాడాడు. ఖాళీ దెబ్బలో డప్పు కొట్టించారు. థియేటర్లో జనం పడీపడీ నవ్వారు. కొడుకు పక్కన అంజమ్మ కూర్చుని ఉంది.

"గిది నా చెయ్యి గదరా మధూ. నవ్వుతరేందిరా?"

సకల జనుల సమ్మె రోజుల్లో ఎల్బీనగర్‌లో తెలంగాణ ఉద్యమ పాటల సభ, ధూంధాం, పెట్టారు. శ్రీరామమూర్తి కొత్త సినిమా విడుదలకు ఉంది, ఆంధ్రా ఆయన సినిమా అని ఉద్యమకారులు ఆపుతారని ఆయనకు భయం. మధుకరే ఫోన్ చేశాడు. "సార్, మీరొచ్చి గా పాట అసలు మాటలతోని పాడుండ్రి. జనం మనోడే అనుకుంటరు."

ఆయన్ని ఎందుకు పిలుస్తున్నాడో మధుకర్ నాకు ముందే చెప్పాడు. "కోర్టుకు పో బిడ్డా" అన్నాను.

"కోర్టుల ఎవరు నవ్వుతరు సారూ?"

శ్రీరామమూర్తి కండువాతో వేదికెక్కాడు. "సారు పాడతరు, మా అమ్మోళ్లు తాళమేస్తరు" అని మధుకర్ పక్కకు జరిగాడు. ముందు వరసలో అంజమ్మ, ఆమెతోపాటు ఆసు పోసిన సైదమ్మ, ఊరి నుంచి తెచ్చిన మరో పదిమంది ఆసు పోసే ఆడవాళ్లు. అంజమ్మ ఎడమ చేత్తో తొడమీద కొట్టింది. మలుపు దగ్గర అందరి చేతులూ ఆగాయి. ఆ నిశ్శబ్దంలోకి, అక్కడ డప్పుకు అలవాటుపడ్డ ఆయన గొంతు ఒక్కటే దూకింది. మళ్లీ మొదలుపెట్టాడు, మళ్లీ తాళం తప్పి అక్కడే పడ్డాడు.

"ఏంటమ్మా, తాళం సరిగ్గా వెయ్యండి!"

మూడోసారికి సైదమ్మ లేచింది. "గీడ చెయ్యి మర్లాలె సారూ! ఎన్నడన్న ఆసు పోసినవా, ఊకె పాడుడేనా?"

మైదానమంతా నవ్వు. మధుకర్ తాపీగా వచ్చి మైకు అందుకున్నాడు. "నా పాట నాకియ్యి సార్."

ఆ తర్వాత ఏ సినిమావాళ్లూ అతన్ని పిలవలేదు. నాగోల్‌లో గిటార్ నేర్పుతూ బతుకుతున్నాడు. మొన్న కలిసినప్పుడు, ఇప్పటికైనా మనసు చల్లబడిందా అని అడిగాను.

"ఆయన మూడుసార్లే పడ్డడు సారూ" అన్నాడు, తీగ బిగిస్తూ. "అమ్మ పాటకు జనం నవ్విన గా సినిమా యాభై రోజులాడింది."