వడ్డీ కింద పోసే పాలు

సైదాబాద్‌లోని మా ఇంటిని బాపు పదకొండేళ్ల క్రితం మూడు వందలకు తాకట్టు పెట్టాడు. అప్పటి నుంచి వడ్డీ కింద షావుకారింటికి రోజూ రెండు శేర్ల పాలు పోస్తున్నాం. ఈ వారం మా రెండో బర్రె కూడా వట్టిపోయింది. వడ్డీ తప్పకూడదని బాపు ఈ పొద్దున మొదటిసారి పక్క దొడ్డిలో పాలు కొన్నాడు. నాలుగణాలు ఇచ్చి, చెంబు పట్టుకుని అక్కడే కూర్చుండిపోయాడు.

“ఏమైంది బాపూ?” అని అడిగాను.

“దినాం నాలుగణాలా బిడ్డా! ఇంట్ల పాలే గదా అనుకున్న. గా మూడు వందలు నాలుగేండ్లల్లనే ఇచ్చేసినం గద. అసలు ఇంకా అట్లనే ఉన్నది.”

కాసేపటికి లేచి, ఆ పాలు షావుకారింట్లో పోసే వచ్చాడు.

మీ ఇంట్లోంచీ వడ్డీ కింద పాలో, వడ్లో పోతున్నాయా? ఒక్క రోజు వాటిని డబ్బిచ్చి కొని చూడండి.