గోడకి మందు కొట్టిన రోజులు

మాకు ఒక కంచర గాడిద ఉండేది. బొబ్బిలి అవతల కొండ మీద ఊళ్లకి బండి ఎక్కదు. అక్కడ ఇళ్లు కట్టుకునేవాళ్ల ఇటుకలన్నీ దాని వీపు మీదే వెళ్లేవి. అది నడవకపోతే మా పొయ్యిలో పిల్లి లేవదు. ఆ వానాకాలం తాడు ఒరుసుకుని దాని భుజం పుండయింది. ఈగలు ముసిరాయి, రెండు రోజుల్లో పురుగు పట్టింది.

పశువుల డాక్టరు స్ప్రే సీసా ఇచ్చి, రోజూ రెండుసార్లు కొట్టమన్నాడు. పురుగు ఎముక దాకా దిగితే తన చేతిలో ఏమీ ఉండదన్నాడు.

మా ఆయన ఎద్దులతో పెరిగిన మనిషి. నాడాలు కొట్టేటప్పుడు ఎద్దుని తాళ్లతో పడగొట్టినట్టే దీన్నీ పడగొట్టి మందు కొట్టాడు. ఎద్దయితే లేచి, దులుపుకుని, గడ్డి తింటుంది. కంచర మరిచిపోదు. మర్నాటి నుంచి సీసా బుస్సుమంటే చాలు, వెనక కాళ్లు లేచేవి.

మూడో రోజుకి పుండు కంపు మొదలైంది. ఆయన మళ్లీ తాడు తీస్తే అడ్డం నిలబడ్డాను.

"ఇంకోపాలి పడగొడితే మనల్ని దగ్గరికి రానీదు. సచ్చిపోతాది."

"నువ్వేటి సేస్తావే? కథలు సెప్తావా?"

"సెప్తాను. నువ్వు అవతలకి పో."

ఆ బుస్సు చప్పుడు దానికి అలవాటు కావాలని ఇంకో ఖాళీ స్ప్రే సీసాలో నీళ్లు పోసి, గాడిదకి దూరంగా గోడ మీద కొట్టాను. అది గింజుకున్నంతసేపూ కొడుతూనే ఉండి, నిలబడగానే ఆపి, ఉడికించిన ఉలవలు పెట్టాను. పూటపూటకీ ఒక అడుగు దగ్గరికి జరిగాను. వేపాకు పొగ పెట్టినా ఈగలు పోలేదు. ఆగుదామంటే పురుగు ఆగదు, తొందరపడితే గాడిద ఆగదు.

మా అత్త చూసి, "గోడకి పుండయిందేటే?" అంది. నాకు నవ్వు రాలేదు.

ఇంకో మూడు రోజులకి మెడ మీద నీళ్లు పడనిచ్చింది. ఆ పూటే మందు సీసా పట్టుకున్నాను. ముందు కాలికి, తరవాత రొమ్ముకి, ఆఖరికి భుజానికి కొట్టాను. పురుగులు రాలుతుంటే ఒళ్లంతా వణుకుతూ నిలబడే ఉంది. తాడు కూడా కట్టలేదు.

"ఇంకా ఉన్నాయేటి?" అన్నాడు ఆయన గుమ్మంలోంచి.

ఉన్నాయి. లోతున, తెల్లగా కదులుతున్నాయి. ఏడుస్తూనే మళ్లీ కొట్టాను.

ప్రాణం దక్కింది. భుజం మాత్రం మళ్లీ బరువు ఎత్తలేదు. ఆ ఏడు కొండ మీదికి ఇటుకలు ఆయనా నేనే తట్టల్లో మోశాం.