ఊడని అతుకు

మా నాన్న వెల్డింగ్‌లో దిట్ట, మనిషి మొండి. మా షాపు పక్కనున్న ఖాళీ జాగాని తాతయ్య మా అత్తకి రాసిచ్చాడు. నాన్న అందులో ఇనుప సామాను పోసుకుని ఖాళీ చేయనన్నాడు. అత్త కోర్టుకెళ్లి గెలిచింది. కోర్టు అమీను వచ్చి సామాను బయట పెట్టించి, గేటుకి అత్త చేత తాళం వేయించి, జాగా ఆమెకి అప్పజెప్పాడు. మర్నాటికి గేటు రెక్కలు రెండూ కలిపి అతికించేసి ఉన్నాయి. తాళం ఉత్తినే వేలాడుతోంది.

అత్త ఈసారి కోర్టు ధిక్కారం కేసు వేసింది. తేలితే జైలే.

"ఎవరు చేశారో తెలీదని చెప్పు, చాలు," అని మా లాయరు నూరిపోశాడు. నాన్న బోనెక్కి అలాగే చెప్పాడు. అత్త లాయరు గడుసువాడు. గేటు ఫొటో జడ్జి ముందు పెట్టి, "ఎవడో చేతకానివాడి పనిలెండి. అతుకు చూడండి, కోడి కెలికినట్టుంది," అన్నాడు.

"కోడి కెలికినట్టా?" నాన్న బోనులోంచి ముందుకు వంగాడు. "లారీ కట్టి లాగినా ఊడదయ్యా! అలాంటి అతుకు ఈ ఊళ్లో నేను తప్ప ఇంకెవడేస్తాడో చూపించు!"

హాలంతా గొల్లుమంది. నేను బెంచీ కింద దూరిపోదామనుకున్నాను. అత్త కొంగు నోటికి అడ్డం పెట్టుకుని తల దించుకుంది. ఎంతైనా ఆమె అన్నే కదా.

నాన్న వారంలోగా అమీను ఎదుట తన చేత్తోనే గేటు కోసి, చెల్లెలికి క్షమాపణ చెప్పాలి, లేదంటే జైలుకే అన్నాడు జడ్జి.

గేటు కోసే రోజు వీధి వీధంతా దిగబడింది. "ఏం బావా, లారీ తెప్పించమంటావా?" అన్నాడు టీ కొట్టాయన. నాన్న వెల్డింగ్ ముసుగు మొహం మీదికి లాక్కుని గ్యాస్ కటర్ వెలిగించాడు. దాని నల్ల అద్దంలోంచి మంట తప్ప ఇంకేమీ కనపడదు. అతుకు విడిపోయింది. చల్లారాక, ముసుగు ఎత్తకుండానే, తెగిన అంచుని చేత్తో తడిమి తడిమి ఆకురాయితో అరగదీశాడు. అత్త తాళం తీసింది.

"ఇక ముసుగు తీయవయ్యా. ఆవిడకి చెప్పాలిగా," అన్నాడు అమీను.

నాన్న తీయలేదు. చెల్లెలి వైపు చేతులు జోడించాడు. ముసుగు లోపలే ఏదో గొణిగాడు.

"వినిపించిందిలే అన్నయ్యా, చేతులు దించు," అంది అత్త గబగబా. "చెప్పాడని రాసుకోండి అమీను గారూ."

పక్కనే ఉన్న నాకే ఒక్క ముక్క వినపడలేదు. నాన్న ఆ నల్ల అద్దం వెనకనుంచే, గోడ తడుముకుంటూ షాపులోకి వెళ్లిపోయాడు.